చుట్ట అంగుళం కాలేదాకా

రోకలి జారి నేలమీద పడింది.

“ఇదేటిరా, పసిగుంట లాగినా వొచ్చీసేలాగున్నాది,” అంది గురమ్మ. వంగి రోకలి తీసి మళ్ళీ అతని మోకాళ్ళ మధ్య నిలువుగా పెట్టింది. “కరుసుకో. పళ్ళు కాదు, తొడలు.”

నూకయ్య పళ్ళు వదులు చేశాడు. పాక వెనక మట్టిగోడకు వీపు ఆనించి, పీట లేకుండానే పీటమీద కూర్చున్నట్టు కూర్చుని ఉన్నాడు. చేతులు గుండెలమీద కట్టుకున్నాడు. కుడి తుంటిలో సలుపు మొదలైంది. అది తొడలోపలికి దిగుతుందని అతనికి తెలుసు. దిగిన తరువాత కాలు వణుకుతుంది. వణికితే రోకలి పడుతుంది.

గురమ్మ చుట్ట వెలిగించి, నిప్పుకొస నోట్లోకి తిప్పుకుని అడ్డపొగ పీల్చింది. చుట్ట అంగుళం కాలేదాకా రోకలి నిలవాలి. అదీ ఆమె లెక్క. మధ్యమధ్య చుట్ట బయటికి తీసి ఎంత కాలిందో అతనికి చూపించేది. అరంగుళం కూడా కాలి ఉండేది కాదు. ఊళ్ళో సగం మందికి బొడ్డు కోసిన మనిషి. కాన్పయ్యాక నడుం, తొడలు సడలిపోయిన ఆడవాళ్ళని ఈ రోకలితోనే మళ్ళీ పొలానికి పంపేది. మగవాడిచేత చేయించడం ఇదే మొదలు.

కంచె అవతల కావిడి చప్పుడైంది. అసిరయ్య, నూకయ్య పెళ్ళాం తమ్ముడు, నీరా కుండలు మోసుకుని సొసైటీ పాకకి పోతున్నాడు. కిందటేడు నూకయ్య తాటిచెట్టు మీదనుంచి పడ్డాక, అతని పదకొండు చెట్లూ సొసైటీవాళ్ళు అసిరయ్యకే రాసేశారు.

“ఏటి బావా, ఎన్నో నెల?” అన్నాడు అసిరయ్య కావిడి భుజం మార్చుకుంటూ. “బాలింతల కాయం ముద్ద తెమ్మంటావేటి?”

“నీ పురుడు నానే పోసినాను,” అంది గురమ్మ చుట్ట తియ్యకుండానే. “అడ్డం తిరిగొచ్చినావు. ఇప్పటికీ అడ్డమే. పో.”

అసిరయ్య నవ్వుకుంటూ పోయాడు. రోకలి మళ్ళీ పడింది.

“సూసినావా,” అంది గురమ్మ. “ఆడి మాటకి నీ కోపం సేతుల్లోకి పోనాది. పిడికిళ్ళు సూసుకో. సేతుల్లో కోపం ఎట్టుకుంటే తొడల్లో ఏటుంటాది? కిందికి దింపు. తొంగో. ఇంక కాలు లేపాల.”

చాపమీద కుడివైపు ఒత్తిగిలి పడుకున్నాడు. పైన ఉన్న ఎడమకాలు మడిచి ముందుకి పెట్టి, కిందనున్న కుడికాలు నిలువునా లేపాలి. జానెడు లేస్తే చాలు. చూసేవాళ్ళకి అదొక పనిలాగే ఉండదు. కార్తీకమాసంలో ఆ కాలు నేలనుంచి బెత్తెడు లేవలేదు. ఇప్పుడు మాఘం. జానెడు లేచి, గురమ్మ “దింపు” అనేదాకా నిలుస్తోంది. తరువాత ఎడమవైపు తిరిగి, పైన ఉన్న కుడికాలు తుంటినుంచి లేపాడు. ఇరవైసార్లు. ఇరవై అయ్యేసరికి చాప చెమటతో తడిసింది.

“నన్ను సెట్టెక్కించి సూడ్డానికి సుక్కురారం వొస్తాడట ఇనస్పెట్రు,” అన్నాడు లేచి కూర్చుంటూ.

“ఇయ్యాల సోంవారం. నాలుగు దినాలున్నాది.”

“సరిపోద్దా అప్పా?”

“నానేటి బెమ్మదేవుణ్ణా?” అంది గురమ్మ.

మంగళవారం పొద్దున్న నూకయ్య సొసైటీకి వెళ్ళాడు. ఒక పెద్ద పాక, దాన్ని ఆనుకుని ఒక పెంకుటి గది. పాకలో ఆడవాళ్ళు ఇనుప బాణలుల్లో నీరా కాస్తున్నారు. నూకయ్య పెళ్ళాం దాలమ్మ మూడో పొయ్యి దగ్గర తెడ్డు తిప్పుతోంది. మొగుడి చెట్ల నీరా కాచి బెల్లం తన ఇంటికి తెచ్చుకున్న మనిషి, ఇప్పుడు అదే నీరా కూలికి కాస్తోంది. మొగుణ్ణి చూసి తల వంచుకుంది. పొగకి ఆమె కళ్ళు ఎప్పుడూ ఎర్రగానే ఉంటాయి, ఏడ్చిందో లేదో చెప్పలేం.

గదిలో గణపతిరావు కుర్చీలో కూర్చుని రేడియో ముల్లు తిప్పుతున్నాడు. సొసైటీ సెక్రటరీ. చెట్టెక్కినవాడు కాదు, వాళ్ళ ఇంట్లో ఎవరూ ఎక్కినవాళ్ళు కారు. చెట్లున్న పోరంబోకు పక్కన భూములున్నవాడు.

నూకయ్య గుమ్మం బయట నిలబడి, పంచె ముడిలోంచి మూరెడు తాడుముక్క తీసి గడపమీద పెట్టాడు. ఏడాదిగా దాచుకున్న ముక్క. చెట్టెక్కడానికి సొసైటీ ఇచ్చిన మోకు. ఒక కొస కోసినట్టు లేదు, చివికి పీచులు పీచులుగా ఉంది.

“మళ్ళీ తెచ్చావా,” అన్నాడు గణపతిరావు.

“ఇది తెగింది బాబూ. తెగితే పడినాను. మీరు తాగి పడినానని రాసినారు.”

“విచారించే రాశాం.”

“ఎవర్ని ఇసారించినారు? నన్ను అడగనేదు.”

“నువ్వప్పుడు మాట్లాడే స్థితిలో ఉన్నావేటి?” గణపతిరావు రేడియో కట్టేశాడు. “ఒరే నూకయ్యా, ఇనస్పెక్టరుకి అర్జీ పెట్టావు. పెట్టుకో. శుక్రవారం ఆయనొస్తాడు. ఎక్కి చూపించు. నీ లైసెన్సు బిళ్ళ నీకిచ్చేస్తాను. పుస్తకంలో మాట ఉంటే నీకేటి నొప్పి? అది నిన్ను కరుస్తాదా?”

“నా జన్మలో సుక్క ముట్టనేదు.”

“దొరికిన ప్రతివాడూ అదే అంటాడు. సొసైటీ తాడు తెగిందని రాస్తే రేపు పైవాళ్ళు పుస్తకాలన్నీ తిరగేస్తారు. ఇవి నిషేధం రోజులు. సున్నం రాయక నీరా కల్లుగా పులిసిన కుండ ఒక్కటి, ఒక్కటంటే ఒక్కటి దొరికినా మొత్తం సొసైటీ మూత. పన్నెండు బిళ్ళలూ పోతాయి. పక్క ఊళ్ళో ఏమయిందో చూశావుగా, వాళ్ళంతా ఊరొదిలి పోయారో రాళ్ళు కొడుతున్నారో. నీ ఒక్కడి మాట కోసం పన్నెండు ఇళ్ళు ఆర్పుతావా?”

మాట చివర గణపతిరావు గొంతు మెత్తబడింది. ఆ మెత్తదనమే నూకయ్యకి ఎక్కువ మండింది. తాడుముక్క తీసుకుని పంచె ముడిలో పెట్టుకున్నాడు.

“ఆ రోకలి మీద ఎక్కి చూపిస్తావేటిరా?” అని గణపతిరావు వెనకనుంచి అన్నాడు. పాకలో ఇద్దరు ముగ్గురు నవ్వారు. దాలమ్మ తెడ్డు ఆగలేదు.

బుధవారం గురమ్మ రోకలి పక్కన పెట్టించి, అతన్ని ఊరి చివర పొట్టి తాడిదగ్గరికి తీసుకెళ్ళింది. అది రెండు నిలువులుంటుంది. నూకయ్య చీలమండలకి బంధం వేసుకుని, నడుం వెనకనుంచి చెట్టు చుట్టూ మోకు తిప్పి ముడేశాడు. ఎక్కడం అంటే ఏమీ లేదు. వెనక్కి వాలాలి, పాదాలు దగ్గరికి లాక్కోవాలి, మోకు పైకి విసరాలి. ఆ విసిరే రెప్పపాటు మోకు సడలిపోతుంది. అప్పుడు మనిషిని చెట్టుకి అంటించేవి తొడలే. చెట్టెక్కేవాడి భుజాలు చూసి జనం మెచ్చుకుంటారు. అసలు పని చేసే కండ పంచె కింద ఉంటుంది, దాన్నెవరూ చూడరు.

ఒక నిలువు ఎక్కాడు. రెండో నిలువు సగంలో కుడితొడ వణికింది. గరుకు మొద్దుమీద గుండెలు గీసుకుంటూ మూరెడు జారి ఆగాడు.

“సేతుల్తో ఎక్కుతున్నావు,” అంది గురమ్మ కిందనుంచి. “గణపతిబాబుని పీక పిసికినట్టు పిసుకుతున్నావు సెట్టుని. సెట్టేటి సేసినాది?”

నూకయ్య అక్కడే ఆగి ఊపిరి వదిలాడు. చెట్టుకి చెంప ఆనించాడు. నడుం కిందికి, తుంటిలోకి, తొడలోపలికి ఏదో దించుకున్నట్టు నెమ్మదిగా బిగించాడు. వణుకు ఆగింది. రెండు చేతులూ వదిలాడు. వదిలినా పడలేదు.

గురమ్మ చుట్ట వెలిగించింది. అంగుళం కాలేదాకా అతన్ని దిగనివ్వలేదు.

గురువారం సాయంత్రం దాలమ్మ కొత్త మోకు తెచ్చి అతని ముందు పడేసింది. తాటిమట్ట నార కొట్టి, నానబెట్టి, తనే పేనింది. పొయ్యి దగ్గర పని అయిన తరువాత నెలరోజులపాటు పేనింది. ఆమె అరచేతుల్లో తోలు లేచిపోయి ఉంది.

“సొసైటీ తాడు నాను నమ్మను,” అంది.

నూకయ్య మోకు రెండు చేతులకీ చుట్టుకుని లాగి చూశాడు. కిర్రుమనలేదు.

“మాటకోసం తగువెట్టకు,” అంది దాలమ్మ గిన్నె కడుగుతూ. “బిళ్ళిస్తే తీసుకో. అసిరిగాడు కూడా అదే అన్నాడు.”

“నిన్ను ఆ పాకలో ఏటని పిలుస్తన్నారు?”

దాలమ్మ గిన్నె కడుగుతూనే ఉంది.

“ఏటని పిలుస్తన్నారే?”

“తాగుబోతు పెళ్ళామని,” అంది. “పేరెట్టి పిలిసినట్టే పిలుస్తన్నారు. అలవాటైపోనాది.”

శుక్రవారం ఎనిమిదింటి శృంగవరపుకోట బస్సుకి ఇనస్పెక్టరు జానకిరామయ్య దిగాడు. కొత్తగా వచ్చిన మనిషి, పల్చగా ఉన్నాడు, గొడుగు తెచ్చుకున్నాడు. సొసైటీలో పొద్దున దించిన కుండలన్నీ వంచి చూశాడు. అన్నిటి లోపలా సున్నం తెల్లగా ఉంది. సంతకం పెట్టి, తిరుగు బస్సు పదిన్నరకి అని రెండుసార్లు చెప్పాడు.

పన్నెండు మంది గీతవాళ్ళూ తాడితోపులోకి వచ్చారు. పాకలో ఆడవాళ్ళు పొయ్యిలు తగ్గించి వచ్చారు. గురమ్మ వచ్చి ఒక గట్టుమీద కూర్చుంది. గణపతిరావు రిజిస్టరు చంకలో పెట్టుకుని తోపంతా ఒకసారి కలియజూశాడు. చూసి, పదిహేడో నెంబరు చెట్టు చూపించాడు. తోపులో అందరికంటే పొడుగు. సగంనుంచి పడమటికి వాలి ఉంటుంది. నూకయ్య పడింది ఆ చెట్టుమీదనుంచే.

“ఇదెక్కు,” అన్నాడు.

అసిరయ్య ముందుకొచ్చాడు. “బాబూ, అది వొద్దు. ఇంకోటి సూపించండి. బావ తుంటి బాగోనేదు.”

“నువ్వు నోరుముయ్యి.”

“కాదు బాబూ, అదీ...”

“ముయ్యమన్నానా.”

అసిరయ్య వెనక్కి పోయాడు. మొహం పాలిపోయింది. బావమీద ఇంత ప్రేమ ఎప్పుడొచ్చిందా అని దాలమ్మ తమ్ముడివంక చూసింది.

నూకయ్య చెట్టుకి దండం పెట్టి, దాలమ్మ పేనిన మోకు తిప్పాడు. ఎక్కడం మొదలుపెట్టాడు. మొదటి రెండు నిలువులూ ఆగకుండా ఎక్కాడు. మూడో నిలువులో వాలు మొదలైంది. వాలుమీద బరువంతా కుడితొడమీద పడుతుంది. అక్కడ ఆగాడు. కింద ఎవరో “అయిపోనాది” అన్నారు. నూకయ్య ఊపిరి వదిలి, తుంటి బిగించి, మోకు విసిరాడు. నాలుగో నిలువు. అయిదో నిలువు. మట్టలు అందాయి. మొవ్వు కింద పాత మట్ట మొదలుమీద పాదం ఆనించి, చెట్టుని తొడలతో కరుచుకుని, చేతులు రెండూ వదిలాడు.

అప్పుడు వాసన తగిలింది.

మొవ్వు అవతలిపక్క గెలకి కుండ కట్టి ఉంది. నోటిదాకా నిండి, నురగ పొంగి అంచులనుంచి కారుతోంది. వేలు ముంచి లోపల గీసి చూశాడు. గోటికి తెలుపు అంటలేదు. సున్నం లేదు. మూడురోజుల పులుపు. పట్టి ఇస్తే జైలు.

కుండ కట్టిన తాడు చూశాడు. గీతవాళ్ళలో ఏ ఇద్దరి ముడీ ఒకలా ఉండదు. ఇది రెండు మెలికలు వేసి కొస లోపలికి దోపిన ముడి. అసిరయ్యకి పద్నాలుగేళ్ళప్పుడు ఆ ముడి నేర్పింది నూకయ్యే.

ఎవరి కోసం కట్టాడో ఆలోచించక్కర్లేదు. బస్తీనుంచి వచ్చే గణపతిరావు చుట్టాలు ఎందుకంత తరచుగా వస్తారో ఊరికి తెలుసు. నూకయ్యకి తెలియనిదల్లా ఏ చెట్టో. అది గణపతిరావుకి కూడా తెలియదు. అతనికి కుండ ఇంటికొస్తే చాలు. చెట్లన్నీ అతనికి ఒకటే. నూకయ్యని పడెయ్యాలని చూపించాడు, నూకయ్య ఇక్కడిదాకా వస్తాడని అనుకోలేదు.

నూకయ్య కిందికి చూశాడు. నల్లటి తలలు, ఒక గొడుగు. దాలమ్మ ఎర్రచీర.

కుండ దించితే అయిపోతుంది. గణపతిరావు పోతాడు. అసిరయ్య జైలుకి పోతాడు. పన్నెండు బిళ్ళలూ పోతాయి. ఈ మనుషులే నవ్వారు. ఈ మనుషుల పొయ్యిలే ఆరుతాయి. గణపతిరావు తన పాపం వీళ్ళందరి మెడలకీ కట్టి ఉంచాడు, అందుకే అంత మెత్తగా మాట్లాడగలిగాడు. తాగనివాణ్ణి తాగుబోతని రాసిన చెయ్యి, ఈ కల్లు తాగిన చెయ్యి, ఒకటే. నూకయ్యకి చెవుల్లో హోరు పుట్టింది. ఆ హోరు చేతుల్లోకి రాబోయింది. తొడలు బిగించాడు.

“గణపతిబాబూ,” అన్నాడు.

“ఆఁ, ఎక్కావు. చూశాం. దిగు.”

“ఇక్కడ కుండున్నాది. నిండుగున్నాది. కిందికి దింపమంటారా?”

గణపతిరావు ముందు విననట్టు నిలబడ్డాడు. తరువాత అసిరయ్యకేసి చూశాడు. అసిరయ్య నేల చూస్తున్నాడు. గీతవాళ్ళు ఒకరి తరువాత ఒకరు తలలు దించుకున్నారు. ఏ చెట్టో కూడా వాళ్ళకి తెలుసునని నూకయ్యకి పైనుంచి తెలిసింది. అందరికీ తెలుసు.

“తెమ్మనండి, చూద్దాం,” అన్నాడు ఇనస్పెక్టరు గడియారం చూసుకుంటూ.

“ఎందుకండీ, పొద్దున్న అన్నీ చూశారు కదా. బస్సు వేళవుతోంది,” అన్నాడు గణపతిరావు. “ఒరే, దిగిపో. బిళ్ళ ఇస్తున్నాను. ఇదుగో.”

“బిళ్ళకి తొందర నేదు. ముందల పుస్తకంలో మాట కొట్టీండి. కొట్టినాక దిగుతాను.”

“ఏం మాట?” అన్నాడు ఇనస్పెక్టరు.

ఆయనే రిజిస్టరు తీసుకుని వెతికి చదివాడు. “నూకయ్య, పదిహేడో నెంబరు చెట్టునుండి తాగిన మైకములో పడెను.” తల ఎత్తాడు. “ఇది సొసైటీ రాత. నేను కొట్టకూడదు.”

“మీరొద్దు. రాసినోళ్ళే కొట్టాల.”

“విచారించి రాసిన మాటండీ అది...” అన్నాడు గణపతిరావు.

“అయితే కుండ దింపుతాను,” అన్నాడు నూకయ్య.

గట్టుమీద గురమ్మ చుట్ట వెలిగించింది. నిప్పుకొస నోట్లోకి తిప్పుకుని, చెట్టుమీదకి చూస్తూ కూర్చుంది.

గణపతిరావు నిలబడ్డాడు. నూకయ్య కరుచుకుని ఉన్నాడు. తుంటిలో సలుపు పుట్టింది, తొడలోపలికి దిగింది. దిగనిచ్చాడు. గాలికి చెట్టు ఊగింది, దానితోపాటు ఊగాడు. గణపతిరావు జేబు తడుముకున్నాడు, కలం ఉన్న జేబు కాదు, ఇంకో జేబు. నూకయ్య అలిసిపోయి దిగుతాడేమోనని చూస్తున్నాడు. గురమ్మ చుట్ట బయటికి తీసి పైకి చూపించింది. అరంగుళం.

గణపతిరావు కలం మూత తీశాడు. ఇనస్పెక్టరు పట్టుకున్న రిజిస్టరుమీదే వంగి గీత కొట్టాడు.

“ఏటి రాసినారో ఇనస్పెట్రు బాబు సదవాల.”

“కొట్టేశారయ్యా.”

“కొట్టిన సోట ఏటి రాసినారు? నాను పడినాను కదా బాబూ. ఎందుకు పడినాను?”

గణపతిరావు మళ్ళీ వంగాడు. ఇనస్పెక్టరు చదివాడు. “మోకు తెగి పడెను.”

“గట్టిగా సదవండి బాబూ. ఆడోళ్ళకి ఇనబడనేదు.”

“మోకు తెగి పడెను,” అని ఇనస్పెక్టరు అరిచి చదివాడు. ఆయనకి కొంచెం విసుగొచ్చింది.

“కుండలో కందిరీగలు పడి సచ్చినాయి,” అన్నాడు నూకయ్య. “పనికిరాదు. పారబోస్తన్నాను.”

మొలనున్న కొడవలి తీసి ముడి కింద తాడు కోసి, కుండతోసహా అవతల జీడిమామిడి తుప్పల్లోకి విసిరాడు. కుండ పగిలిన చప్పుడైంది. గురమ్మ లేచి, ఇనస్పెక్టరుకి కల్లు వాసన తగలకుండా గాలి వచ్చేవైపు నిలబడి, నోటినిండా ఉన్న పొగ వదిలింది. ఆయన దగ్గి, మొహానికి జేబురుమాలు అడ్డం పెట్టుకుని, గడియారం చూసి బస్సు దారి పట్టాడు.

నూకయ్య దిగాడు. వాలుమీద ఆగలేదు. నేలమీద కాలు పెట్టి, బంధం విప్పుకుని, తిన్నగా అసిరయ్య దగ్గరికి వెళ్ళి, కోసి తెచ్చిన తాడుముక్క అతని చేతిలో పెట్టాడు. ముడి ముడిగానే ఉంది. అసిరయ్య దాన్ని గుప్పిట్లో దాచుకున్నాడు.

“బావా,” అన్నాడు.

“రేపట్నించి నా పదకొండు సెట్లూ నావి,” అన్నాడు నూకయ్య. “సున్నం డబ్బీ కొనుక్కో.”

గణపతిరావు ఇత్తడి బిళ్ళ ఇస్తూ నవ్వబోయాడు. “మొత్తానికి నెగ్గావురా.” నూకయ్య బిళ్ళ తీసుకున్నాడు, మొహంవంక చూడలేదు. విసిరి కొట్టాలనిపించింది. పంచె ముడిలో, పాత తాడుముక్క పక్కన దోపుకున్నాడు. ఆ ముక్క పారెయ్యలేదు.

ఆడవాళ్ళు పొయ్యిల దగ్గరికి పోతున్నారు. “దాలమ్మా, రావే, బెల్లం మాడిపోతాది,” అని ఎవరో పిలిచారు. దాలమ్మ ఆ పేరు విన్న తరువాత కూడా ఒక క్షణం కదలలేదు.

గురమ్మ వచ్చి అతని కుడితొడ మీద చెయ్యి వేసి నొక్కి చూసింది, పసిపిల్లల్ని చూసినట్టు. చుట్ట అంగుళం దాటి కాలిపోయి ఉంది.

“వొణికేయేట్రా తొడలు?”

“నేదప్పా,” అన్నాడు నూకయ్య. మోకు చుట్టబోయి, చుట్టలేక ఆమెకి అందించాడు. “సేతులే. ఇంకా ఆగనేదు.”